మా డ్రాయింగు సారు, పది గంటల ఎండ

మా డ్రాయింగు సారు పోయారన్న సంగతి నాకు పాత విద్యార్థుల వాట్సాప్ గ్రూపులో తెలిసింది. నేను తిరుపతిలో ఒక ప్రైవేటు బడిలో డ్రాయింగు చెబుతాను. ఆ పూట క్లాసు అయిపోయి పిల్లలు కుళాయి దగ్గర కుంచెలు కడుక్కుంటున్నారు. ఫోను తీశాను. "మన మోడ్రన్ ఆర్ట్ సారు ఇక లేరు" అని మా బ్యాచివాడొకడు రాశాడు. కింద సారు ఫోటో. ఫోటో వెనకాల అలంకారానికని, ఎక్కడ దొరికిందో ఏమో, ఒకే చెంప మీద రెండు కళ్లూ ఎటో తిరిగిన ముక్కూ ఉన్న బొమ్మ ఒకటి తగిలించాడు. ఏడుపు రావలసిన చోట నాకు ఒళ్లు మండింది.

"అది క్యూబిజం. సారు జన్మలో అట్లాంటి బొమ్మ వేయలేదు. తీసెయ్" అని రాశాను.

"ఇప్పుడెందుకు తల్లీ ఇవన్నీ, సారు ఆత్మకు శాంతి కలగనీ" అని జవాబు వచ్చింది. దాని కింద వరసగా దండాల బొమ్మలు.

శాంతి ఎట్లా కలుగుతుంది? చిత్తూరు సర్కారు హైస్కూల్లో ఆయన ఉద్యోగం చేసినన్నాళ్లూ గొంతు చించుకుని చెప్పింది ఆ ఒక్క సంగతే. అర్థం కాని బొమ్మలన్నిటినీ ఒక మూటగట్టి దానికి మోడ్రన్ ఆర్ట్ అని పేరు పెట్టొద్దని. తాను వేసేది ఇంప్రెషనిజం అని, దాని తర్వాత వచ్చినవి వేరే అని. ఆయన దగ్గర చదివినవాళ్లే ఆయన పోయిన రోజున ఆయనను ఆ మూటలోనే కట్టి పంపించారు.

అయితే ఆయన కూడా తక్కువవాడేం కాదు. ఎదుటివాళ్లకు విసుగు పుట్టించడంలో ఆయనకు సాటి లేరు. మా రంగుల పెట్టెల్లోంచి నలుపు గొట్టాన్ని మొదటిరోజే తీసేసుకునేవారు. "సారూ, నీడకి నలుపు లేకపోతే ఎట్లా?" అంటే, "నీడ నల్లగా ఉండాదని నీకెవరు చెప్పినారు పాపా? బయటికి పోయి సూడు" అని ఎండలోకి తరిమేవారు. గోడ నీడ వంకాయ రంగులో ఉందని మాలో ఎవరో ఒకరు ఒప్పుకునేదాకా లోపలికి రానిచ్చేవారు కాదు. కొండ ఏ రంగు వేయాలని అడిగితే, "కొండ ఏ రంగని అడగొద్దు. ఎన్ని గంటలప్పటి కొండ అని అడుగు" అనేవారు. పరీక్షలో బొమ్మ వేయాల్సిన పిల్లకి అది ఏం జవాబు చెప్పండి?

ఒకసారి సంచిలో బేనీషా మామిడిపండు ఒకటి తెచ్చి బల్ల మీద పెట్టారు. మా కళ్లన్నీ దాని మీదే. ఆయన మాత్రం చాక్‌పీసు పట్టుకుని మొదలుపెట్టారు. ఇంప్రెషనిస్టుకి పండుతో పని లేదట, కిటికీలోంచి పండు మీద పడిన ఎండతో పనట. అది ఆ నిమిషానికి ఎట్లా మెరుస్తుందో, మెరుపు పోయేలోపల పట్టుకోవాలట.

"ఆ తర్వాత వచ్చినోళ్లు ఏమన్నారంటే, వట్టి మెరుపేనా, పండుకి బరువు లేదా, గుండ్రం లేదా అని పోట్లాడినారు. ఇంకొకడు వచ్చి, ఎండ ఏ రంగుంటే నాకేమి, నాకు ఎరుపు ఇష్టం, ఎర్రగా వేస్తా అన్నాడు. ఎక్స్‌ప్రెషనిస్టు అయితే పండుని చూడనే చూడడు. నా ఆకలి ఎట్లుండాదో చూడు అని ఆకలిని వేస్తాడు. క్యూబిస్టు ముందు, వెనక, లోపలి టెంక, అన్నీ ఒక్కసారే చూపిస్తా అంటాడు. అందరూ ఈ ఇంప్రెషనిజం ఇంట్లో పుట్టినోళ్లే. ఒక్కొక్కడు ఒక్కో గొడవ పెట్టుకొని వేరు కాపురం పోయినాడు. వేరు పోయినోళ్లని, ఇంట్లో ఉన్నోళ్లని ఒకే పేరుతో పిలిస్తే ఎట్లా?"

"సారూ, ఆ పండు ఎప్పుడు తినేది?" అని వెనక బెంచీలోంచి ఎవరో అడిగారు.

"ముందు వెయ్యండి. ఎండ పోతా ఉండాది."

మేము వేస్తూనే ఉన్నాం, బెల్లు కొట్టారు. ఎండ కిటికీ దాటిపోయింది. "ఇప్పుడిది వేరే పండు" అని సారు దాన్ని మళ్లీ సంచిలో వేసుకుని వెళ్లిపోయారు. ఆ వాసన మాత్రం లెక్కల పీరియడు అంతా మాతోనే ఉంది.

ఇంతటి మనిషిని నేనే చేజేతులా మా అత్తగారింటికి తీసుకుపోయాను. మా అత్తగారి వాళ్లది చిత్తూరు పక్కన పల్లె. మామిడితోటలు. మా మామయ్యకు ఎనభయ్యో ఏడు వస్తోందని, పండుగలా చేయాలని, ఆ రోజుకు ఆయన పటం ఒకటి గీయించి హాల్లో పెట్టాలని ఇంట్లో అనుకున్నారు. అప్పటికి సారు రిటైరయ్యారు. మా సారు చేత వేయిద్దామని నేనే నోరు జారాను. మా బావగారు అంటే మా ఆయన అన్న, ఇల్లంతా ఆయన చేతిలోనే. "నీ మాట మీద ఒప్పుకుంటున్నానమ్మా" అన్నారు. ఆ మాట గుర్తొస్తే ఇప్పటికీ నాకు చెమట పడుతుంది.

సారు రోజూ పొద్దున బస్సులో వచ్చేవారు. తోటలో ఒక బేనీషా చెట్టు కింద మామయ్యను కుర్చీలో కూర్చోబెట్టేవారు. పది గంటల ఎండ ఆకుల సందుల్లోంచి ఆయన మీద పడే కాసేపే కుంచె పట్టేవారు. ఎండ పక్కకు జరిగితే ఇక ముట్టేవారు కాదు. భోంచేసి పంచలో పడుకుని సాయంత్రం బస్సుకు పోయేవారు. మబ్బు పట్టిందా, ఆ రోజు వచ్చినందుకు భోజనమే.

"ఏమమ్మా, మీ సారు పనిచేసేదానికంటే పడుకునేది ఎక్కువుండాదే. బొమ్మ ఎప్పటికయ్యేను?" అని బావగారు నన్నే అడిగేవారు. సారును అడిగితే, "పొద్దు నా మాట వినదు పాపా. మీ బావని పోయి దాన్ని అడగమను" అనేవారు. ఇద్దరి మధ్యా నలిగింది నేను.

అంతలో కోతలు వచ్చాయి. మండీకి పోయే లారీ గేటు దగ్గర నిలబడింది. కూలీలు నిచ్చెన తెచ్చి ఆ చెట్టుకు ఆనించగానే సారు కుంచె పారేసి అడ్డంపోయారు.

"ఈ చెట్టు మాత్రం ముట్టుకోవద్దప్పా! కాయలు కోస్తే బరువు తగ్గి కొమ్మ లేస్తాది. కొమ్మ లేస్తే ఎండ వేరే తావున పడతాది. ఇన్నాళ్లు వేసింది పాడైపోతాది."

మా బావగారు ఆయన్ను చూశారు, నన్ను చూశారు. "కొమ్మ లేస్తాదని కాయలు కోయని తోట యాడన్నా ఉండాదా సార్?"

కుర్చీలోంచి మామయ్యే కలగజేసుకున్నారు. "వదిలెయ్యరా ఆ ఒక్కటి. ఆయన పని ఆయన జేసుకోనీ." చెట్టును వదిలేశారు. పండ్లు చెట్టు మీదే మాగి, చిలుకలు కొట్టి, రోజుకు కొన్ని సారు చుట్టూ రాలేవి. మా బావగారు అటువైపు రావడం మానేశారు.

బొమ్మ అయిపోయిందన్న రోజు దాన్ని పంచలో గోడకు ఆనించారు. ఇంట్లోవాళ్లం అందరం నిలబడ్డాం. దగ్గరికి పోతే వట్టి రంగు మరకలు. నాలుగడుగులు వెనక్కి వేస్తే మామయ్య, కాలి మీద కాలు వేసుకుని, ఇప్పుడే ఏదో అనబోతున్నట్టు. నా మటుకు నాకు అచ్చం ఆయనే అనిపించింది. కానీ గడ్డం కింద లేతపచ్చ. చెవి వంకాయ రంగు. తెల్ల చొక్కా సగం నీలం.

"మా నాయనకేమన్నా కామెర్లా సార్? మొహం పచ్చగా ఉండాది" అన్నారు బావగారు. "పటం వెయ్యమంటే మోడ్రన్ ఆర్టు వేసినారా?"

ఆ మాట అనకుండా ఉండాల్సింది. సారు ముఖం ఎర్రబడింది.

"మోడ్రన్ ఆర్టా? ఏదప్పా మోడ్రన్ ఆర్టు? నా ఇష్టం వచ్చి పచ్చ పూసుంటే అడుగు. నా లోపల ఏదో బాధ ఉండాది, అందుకని పచ్చ పూసినానంటే అడుగు. మీ నాయనకి మూడు చెవులు పెట్టినానా? ఆకుల్లోంచి దిగే వెలుతురు పచ్చగా ఉంటాది. అది మీ నాయన గడ్డం మీద పడింది. పడిందాన్ని వేసినాను. నేను ఒక్క రంగు కూడా సొంతంగా కలపలే!"

"అదంతా మాకొద్దు సార్. మొహం ఒక్కటి కొంచెం చామనచాయగా దిద్దీండి. వచ్చేవాళ్లు నవ్వుతారు."

"దిద్దేది లేదు."

నేను ఆయన్ను పక్కకు పిలిచాను. "సారూ, గడ్డం ఒక్కటి. మీకు చేతులెత్తి మొక్కుతా. నేను ఈ ఇంట్లో కాపురం చేయాల" అన్నాను. "నీ కాపురానికీ గడ్డం మీద ఎండకీ ఏం సంబంధం పాపా?" అన్నారు, నిజంగానే అర్థం కానట్టు. ఆ క్షణంలో ఆయన గురువని కూడా చూడకుండా ఆ రంగుల పెట్టె ఎత్తి బావిలో పడేద్దామనిపించింది.

మా అత్తమ్మ అప్పటిదాకా వెనక నిలబడి ఉన్నారు. మనుషులను తప్పించుకుని ముందుకొచ్చి బొమ్మలోని చొక్కాను చూపించారు.

"సారూ, ఈ నీలం ఏమి?"

"నీడమ్మా."

"నీలిమందు కాదు కదా?"

సారు తడబడ్డారు. "నీలిమందు ఎందుకుంటాదమ్మా? తెల్ల బట్ట నీడలో ఉంటే దాని మీద ఆకాశం పడతాది. ఆకాశం నీలం, కాబట్టి చొక్కా నీలం."

అత్తమ్మ మామయ్య వైపు తిరిగారు. "ఇన్నావా? పెండ్లయిన కాడినుంచి తోటలో కూసోని, చొక్కాకి నీలిమందు ఎక్కువ పెట్టినావు, చేత కాదు నీకు అని నన్ను తిడతానే ఉండావు. ఇంట్లోకి వచ్చి విప్పితే తెల్లగానే ఉంటాది. నేనేమన్నా మాయ జేస్తానా అని ఎన్నిసార్లు ఏడిసినానో. ఇదో సూడు. ఆకాశమంట."

మామయ్య బొమ్మను చూసి, తన చొక్కాను చూసుకుని, మెల్లగా, "సరేలే. అయితే గడ్డం పచ్చన కూడా నిజమేనేమో" అన్నారు.

పండుగ నాడు హాల్లో ఆ బొమ్మ పెట్టలేదు. బావగారు స్టూడియోలో ఒక ఫోటో పెద్దది చేయించారు. అందులో మామయ్యకు నల్ల జుట్టూ, పిల్లవాడి బుగ్గలూ వచ్చాయి. వచ్చినవాళ్లు బ్రహ్మాండమన్నారు. సారు వేసిన బొమ్మను అత్తమ్మ తన గదిలో మంచానికి ఎదురుగా తగిలించుకున్నారు. ఇప్పుడు మామయ్య చొక్కా గురించి నోరెత్తరు. సారుకు ఈ సంగతి చెబితే సంతోషిస్తారనుకున్నాను. "ఆ గదిలో తూర్పు కిటికీ లేదు కదా, ట్యూబులైటు కింద ఏం కనపడతాది?" అని విసుక్కున్నారు.

తనది కానిదంటే ఆయనకు చులకన అని చాలామంది అనుకునేవారు. అది నిజం కాదు. మా నాయన పోయిన ఏడు నేను ఒక బొమ్మ వేశాను. మా చిత్తూరు వీధే, కానీ ఆకాశమంతా ముదురెరుపు, ఇళ్లన్నీ ఒకవైపు ఒరిగిపోయి. ఎవరికీ చూపించకుండా సారుకు చూపించాను. తిడతారనే అనుకున్నాను. చాలాసేపు చూశారు.

"ఆ పొద్దు ఆకాశం ఎర్రగా ఉండిందా?" అన్నారు.

"లేదు సారూ."

"ఊఁ. ఇది వీధి కాదు పాపా, నువ్వు. దీన్ని ఇంప్రెషనిజం అనొద్దు. నేను నేర్పించింది కాదిది. నీది వేరు కాపురం." ఆగి, కళ్లజోడు తీసి తుడుచుకున్నారు. "బాగుండాది. నలుపు కావాలంటే వాడుకో."

ఆయన నన్ను మెచ్చుకున్నది ఆ ఒక్కసారే. అందులోనూ బాగుందన్న మాట కంటే ముందు, ఏది ఏ కోవకు చెందుతుందో చెప్పి తీరాలి ఆయన. పేర్ల పట్టింపు కాదని నాకు అప్పుడు అర్థమైంది. బయట కనిపించిన రంగును లోపలిదని, లోపలి రంగును బయటిదని చెబితే ఆయన దృష్టిలో అది అబద్ధం. ఆయనకు అబద్ధం పడదు, అంతే.

కబురు తెలిసిన మరుసటి పొద్దున చిత్తూరు పోయాను. ముందు పల్లెకు చేరితే, అక్కడినుంచి బావగారే కారు తీశారు. "ఆయన తిట్టినట్టు మా నాయన కూడా నన్ను తిట్టలేదు" అన్నారు దారిలో. సారు వాళ్ల ఇల్లు చిన్నది, వచ్చినవాళ్లతో నిండిపోయి ఉంది. అన్నీ అయిపోయి మనుషులు పలచబడ్డాక చూశాను. సారు పడుకున్న మంచం గది మధ్యలో అడ్డదిడ్డంగా, ఏ గోడకూ ఆనకుండా ఉంది. చివరి రోజుల్లో గుమ్మం బయటి వెలుతురు కనబడాలని దాన్ని ఎటంటే అటు తిప్పించేవారట. వచ్చినవాళ్లందరి మోకాళ్లకూ ఆ మంచం కోడు తగులుతూనే ఉంది. గోడకు జరుపుదామని బావగారు ఒక చివర పట్టుకున్నారు.

"ఉండనీ నాయనా" అన్నారు సారు భార్య. ఆమె మోకాలికీ అప్పుడే తగిలింది. "పోయినాక కూడా దోవకి అడ్డమే ఈయన. చెప్పి చెప్పి నాకు నోరు నొచ్చింది" అని మోకాలు రుద్దుకుంటూ అదే మంచం మీద కూర్చున్నారు, ఆయన పడుకుని చూసిన గుమ్మం వైపే తిరిగి.

గుమ్మంలోంచి ఎదురింటి మేడ కనబడుతోంది. తీగ మీద తడి చీర ఒకటి ఆరేసి ఉంది. పసుపుపచ్చ చీర. గాలికి అది ఊగినప్పుడల్లా వీధిలోని సున్నపు గోడ మీద పసుపు వెలుతురు పరుచుకుని, మళ్లీ పోతోంది. ఎవరో కాఫీ తెచ్చి ఆమె చేతిలో పెట్టారు. ఆమె గ్లాసు పట్టుకుని గోడ వైపే చూస్తూ కూర్చున్నారు, తాగడం మరిచిపోయి.