పడడం నేర్పిన ఆదివారం

పన్నెండేళ్లు సినిమాల్లో ఫైటర్‌గా బతికాను. హీరో తన్నితే ఎగిరిపడే గుంపులో ఒకణ్ని. ఒక షూటింగులో తుంటి ఎముక విరిగింది. దవాఖానలో నర్సుగా పనిచేసే నా భార్య మంచం పక్కన కూర్చుని, "ఇగ చాలు. మళ్ల పోనని మాటియ్యి" అన్నది. ఇచ్చాను. ఇప్పుడు రాయదుర్గంలో ఒక ఆఫీసు టవర్‌కి సెక్యూరిటీ సూపర్‌వైజర్‌ని.

నిరుడు ఒక ఆదివారం మా లాబీలోనే షూటింగ్ పెట్టారు. రిటైరైన కిరాయి హంతకుడి కథ. పాత శత్రువులు వెతుక్కుంటూ వస్తే, తెల్ల సూటులో ఉన్న హీరో నాట్యం చేస్తున్నంత తీరుగా ఒక్కొక్కణ్ని పడగొడతాడు. లాబీ అంతా ఎర్ర లైట్లు, పొగ. గేటు దగ్గర ఉండాల్సినవాణ్ని, ఏదో వంకతో నాలుగుసార్లు లోపలికి పోయాను. ఉత్తుత్తి గాజు భళ్లున పగిలితే ఒళ్లు జలదరించింది.

ఒకప్పుడు నాతోపాటు దెబ్బలు తిన్న ఒక జూనియర్ ఫైటరే ఇప్పుడక్కడ ఫైట్ మాస్టర్. నన్ను చూసి దగ్గరికొచ్చాడు.

"అన్నా, యూనిఫాంల గుర్తుపట్టలే. జర ఒక షాట్ చేస్తవా? మెట్ల మీదికెల్లి పడాలె. కొత్త ఫైటర్ జంకుతున్నడు."

చేస్తానన్న మాట నోటిదాకా వచ్చింది. తుంటిలో స్టీలు ప్లేటు ఉంది. ఇచ్చిన మాట ఉంది.

"నేను పడలేను తమ్మీ. నేర్పిస్త."

కొత్త ఫైటర్‌ని మెట్ల దగ్గరికి తీసుకుపోయాను. "మెట్లను చూడకు. గడ్డం ఛాతీకి ఆనించు. ఊపిరి వదిలి పడు. ముందు భుజం, తర్వాత వీపు" అని చెప్పాను. మొదట మూడో మెట్టు నుంచి, తర్వాత ఆరో మెట్టు నుంచి పడనిచ్చాను. టేకులో పైమెట్టు నుంచి దొర్లుకుంటూ వచ్చి కింద ఆగాడు. లేచి నవ్వాడు. అందరూ చప్పట్లు కొట్టారు. నేనూ కొట్టాను. అవి నాకు పడాల్సిన చప్పట్లు అనిపించి సిగ్గేసింది.

సినిమా వచ్చాక కొండాపూర్‌లో మ్యాట్నీకి నా భార్యా నేనూ పోయాం. ఆమెకు షూటింగ్ సంగతి చెప్పలేదు. ఆ సీను రాగానే నా భుజం దానంతటదే ముందుకు ఒరిగింది. ఆమె తెర వదిలేసి నన్ను చూసింది.

"నువ్వు పోయినవా ఆ షూటింగ్‌కు?"

"మా ఆఫీసులనే తీసిండ్రు. ఎట్ల పడాల్నో చెప్పిన, అంతే."

"పడబుద్ధయిందా?"

"అయింది."

ఇంటర్వెల్ పడింది. లైట్లు వెలిగాక, "నేర్చుకునేటోళ్లు ఉంటే రమ్మను. నువ్వు మాత్రం పడొద్దు" అన్నది.

ఇప్పుడు ఆదివారాలు పొద్దున ముగ్గురు కొత్త ఫైటర్లు మా ఇంటి వాకిట్లో నేర్చుకోవడానికి వస్తున్నారు. పడి, దెబ్బ తగలకుండా లేచినప్పుడు వాళ్ల కళ్లల్లో ఒక మెరుపు కనిపిస్తుంది. అది ఎట్లా ఉంటుందో నా ఒంటికి తెలుసు. వాళ్లు పోయాక కూడా చాలాసేపు నాకు ఇంట్లోకి పోబుద్ధి కాదు.