కంకిపాడు అవతల, కోడి పెంచిన బాతులు

పటమట, ఆటోనగర్ పరిసర ప్రాంతాల ప్రయాణికులకు ఇందుమూలంగా తెలియజేయునది ఏమనగా: పల్లెవెలుగు బస్సు కిటికీలోంచి సీటు మీదకు చేతిరుమాలు విసిరినంత మాత్రాన ఆ సీటు సదరు వ్యక్తికి గాని, ఆయన వారసులకు గాని చెందదు. రుమాలు తడిగా ఉన్న పక్షంలో అసలే చెందదు. ఈ ప్రకటనను ధిక్కరించిన వారి రుమాలుతో నేను నా చెప్పులు తుడుచుకుంటాను. మొన్న శనివారం తుడుచుకున్నాను కూడా.

ఇక అసలు సంగతి. ఈసారి నేను బయల్దేరింది ఊరు చూడడానికి కాదు, ఒక పెళ్లి నిలబెట్టడానికి. మా అన్నయ్య కొడుకు సునీల్‌కి ఇరవై ఎనిమిదేళ్లు, ఏసీలు బాగు చేస్తాడు. కంకిపాడు అవతల ఊరి పిల్ల జ్యోతి బెజవాడలో ఒక ఆసుపత్రిలో నర్సు. ఆ ఆసుపత్రిలో ఏసీ చెడింది, వీడు వెళ్లి బాగు చేశాడు. ఆ తర్వాత ఆర్నెల్లలో అదే ఏసీ తొమ్మిదిసార్లు చెడింది. మిగతాది మీరే ఊహించుకోండి. రెండు కుటుంబాలూ చర్చికి వెళ్లేవే, అడ్డేమీ ఉండదనుకున్నాం. అడ్డం వచ్చినవాడు ఒక్కడే, చనిపోయిన మా ప్రభుదాసు అన్నయ్య. లారీ డ్రైవరు. తాగేవాడు, తాగితే కంచాలు విసిరేవాడు, సునీల్‌కి తొమ్మిదేళ్లప్పుడు లివరు పాడై చనిపోయాడు. ఈ సంగతి ఎవరో మహానుభావులు పిల్ల తండ్రి దేవదానం గారికి చేరవేశారు. ఆయన పశువుల ఆసుపత్రిలో ముప్ఫై ఏళ్లు కాంపౌండరుగా చేసి రిటైరయ్యారు. "తండ్రి తరఫు రక్తసంబంధీకుణ్ని ఒకణ్ని పంపండి, చూస్తే గాని చెప్పలేను" అని కబురు పెట్టారు. నన్ను చూస్తే వాడి సంగతి ఎలా తెలుస్తుందో నాకు అర్థం కాలేదు. పళ్లు పట్టి చూస్తారేమోనని ఆ పొద్దున రెండుసార్లు తోముకున్నాను.

ఏడున్నరకు సునీలూ నేనూ పటమటలో బస్సెక్కాం. మీరు వెళ్లాలంటే బందరు రోడ్డు మీద ఉయ్యూరు వైపు పోయే ఏ బస్సయినా ఫరవాలేదు, ట్రాఫిక్కుని బట్టి అరగంట నుంచి ముప్పావుగంటలో కంకిపాడులో దింపుతుంది. టికెట్లు ఇద్దరికీ కలిపి అరవై లోపే. ఆడవాళ్లకి టికెట్టు లేదు కాబట్టి కూర్చోవడానికి మాకు చోటు కూడా లేదు. పెనమలూరు దగ్గర రెండు సీట్లు ఖాళీ అయ్యాయి. సునీల్ కిటికీలోంచి బయటికి చూస్తూ ఉన్నట్టుండి అడిగాడు.

"బాబాయ్, నాన్న బుద్ధి నాకు రాదంటావా?"

"నువ్వు కల్లు వాసన కూడా చూడలేదు కదరా."

"తాగుడు కాదు. పోయిన నెల ఒక కస్టమరు నానామాటలు అంటే స్పానరు విసిరా. ఎవరికీ తగల్లేదులే. కానీ చెయ్యి లేచిన తీరు నాకు తెలుసు బాబాయ్. నాన్న చెయ్యే అది."

నా దగ్గర ప్రతిదానికీ ఒక వెటకారం సిద్ధంగా ఉంటుంది. ఆ మాటకు మాత్రం దొరకలేదు. కంకిపాడులో దిగి, సెంటర్లో ఇడ్లీ తిన్నంతసేపూ వెతికాను.

అక్కణ్నుంచి ఊళ్లోకి షేర్ ఆటో, మనిషికి ఇరవై. దారంతా ఒక పక్క కాలువ, ఒక పక్క కోతలయిన చేలు. డ్రైవరు అంత ఇరుకు గట్టు మీద ఒక చేత్తో నడుపుతుంటే నాకు ప్రాణం పోయి వస్తోంది.

"భయపడకండి సార్. మా తాత జట్కా, మా నాన్న రిక్షా, నేను ఆటో. డ్రైవింగు మా రక్తంలోనే ఉందండి."

"మరి మీ అబ్బాయి?"

"వాడికి సైకిలు కూడా రాదండి. వాళ్లమ్మ పోలిక."

బాగున్నవన్నీ మన రక్తం, బాగోనివన్నీ భార్య తరఫు. ఈ ఒక్క శాస్త్రం నాకు చిన్నప్పట్నుంచీ అర్థమవుతూనే ఉంది. తర్వాత ఆ రోజంతా విన్నదే అర్థం కాలేదు.

దేవదానం గారు గుమ్మంలోనే ఎదురయ్యారు. సన్నగా, పొడుగ్గా, ఇస్త్రీ చొక్కా. "మా బాబాయ్ అండి" అన్నాడు సునీల్. నేను నా పేరు రాజు అని చెప్పాను. ఆయన కాఫీ అయినా అడక్కుండా మమ్మల్ని నేరుగా గేదెల పాకలోకి తీసుకెళ్లారు. అక్కడ రెండు గేదెలు పక్కపక్కన నెమరేస్తున్నాయి.

"రాజుగారూ, ఈ రెండూ ఒకే దాణా, ఒకే పాక. ఇది తంతది, అది తన్నదు. దీని తల్లి తన్నేది. దాని తల్లి కూడా తన్నేది."

"అంటే రక్తమేనంటారా?"

"జీన్స్ అంటారండి."

జీన్స్ అంటే నాకు తెలిసినవి బీసెంట్ రోడ్డులో బేరమాడి కొనేవే. ఆ మాట అన్నాను. ఆయన నవ్వలేదు. "తన్నని ఈ రెండోది ఎవరండి?" అని అడిగాను.

"దీని సొంత చెల్లెలు."

"అదేంటండి? ఒకే తల్లి అయితే అదీ తన్నాలిగా?"

"అదే మరి!" అన్నారు ఆయన, నేనేదో ఒప్పుకున్నట్టు. "తల్లి దగ్గర సగం, తండ్రి దగ్గర సగం వస్తది. ఏ సగం వస్తదో ముందు ఎవడికి తెలుసు? నేను ఆడను గానీ, పేక కలిపి పంచినట్టు. పేక ఒకటే, ఎవరి చేతిలో పడ్డ ముక్కలు వాళ్లవి. పైగా ఆ ముక్కలు ఇలా చెయ్యి అని చెప్పవండి, ఇటు మొగ్గు అని మాత్రం చెబుతాయి. తాగుడైనా అంతే. కొంత మొగ్గు రక్తంలో వస్తది, మొత్తం రాదు."

అప్పుడే జ్యోతి బిందె పట్టుకుని వచ్చింది. "నేను పితికితే ఇది కూడా తన్నదండి. నాన్నగారినే తంతది" అంది నాతో.

"అది వేరే సంగతి" అన్నారు దేవదానం గారు.

వేరే సంగతి ఎలా అవుతుందో ఆయన చెప్పలేదు. నేను అడగబోతుంటే ఆయనే నన్ను అడగడం మొదలుపెట్టారు. తాగుతారా? లేదండి. పొగ? మానేశానండి. కోపం? నోరు లేస్తుంది గానీ చెయ్యి లేవదండి. మీరూ ప్రభుదాసుగారూ ఒకే తల్లి కడుపున పుట్టారుగా? ఆఁ అన్నాను. ఆయన గేదెల వైపు చూసి, నా వైపు చూసి, తల ఊపారు. నేను తన్నని గేదె పక్కకు జరిగి నిలబడ్డాను.

తర్వాత పెరట్లోకి తీసుకెళ్లారు. మీరు చూడవలసింది నిజానికి ఇదే. ఇంటి వెనక పిల్లకాలువ ఉంది. గట్టు మీద ఒక ఎర్ర నాటుకోడి, దాని వెనక ఎనిమిది బాతుపిల్లలు. గుడ్ల కోసం పెంచే బాతు పెడుతుందే గానీ పొదగదట. ఎక్కువ గుడ్లు పెట్టేవాటినే మనిషి తరాల తరబడి ఏరుకుంటూ పోతే పొదిగే గుణం జాతిలోంచే జారిపోయిందట. అందుకని ఇక్కడివాళ్లు బాతు గుడ్లు నాటుకోడి కింద పెడతారు. పాపం ఆ కోడి వాటిని తన పిల్లలే అనుకుంటుంది.

మేము చూస్తుండగానే బాతుపిల్లలు బుడుంగు బుడుంగున కాలువలో దూకాయి. కోడి గట్టు మీద అటూ ఇటూ పరిగెత్తుతూ ఒకటే గోల. దేవదానం గారు వేలు చూపించారు. "చూశారా? పొదిగింది కోడి, పెంచింది కోడి. ఒక్కరోజు ఈత నేర్పలేదు. దిగింది మాత్రం నీళ్లలోకే. ఇదండీ రక్తమంటే."

సునీల్ ముఖం చూశాను. స్పానరు విసిరిన చేతిని వాడు జేబులో పెట్టుకున్నాడు. కబురు పెట్టి పిలిపించిన ఈ పెద్దమనిషి మీద నాకు అప్పుడు చిర్రెత్తింది. చిర్రెత్తితే నేను చేసేది ఒక్కటే, ఏదో ఒక కోతిపని.

కోడి ఇంకా పిలుస్తూనే ఉంది. నేను సెల్‌ఫోనులో దాని గొంతు రికార్డు చేశాను. జామచెట్టు చాటుకు వెళ్లి, సౌండు పూర్తిగా పెంచి వదిలాను. కొక్ కొక్ కొక్. నీళ్లలో ఉన్న ఎనిమిదీ ఆగాయి. తలలు తిప్పాయి. కాలువలోంచి ఎక్కి, నిజం కోడిని దాటుకుంటూ, తడి కాళ్లతో వచ్చి నా పంచె చుట్టూ చేరాయి. ఒకటి నా చెప్పు మీద కూర్చుంది. కోడి నన్ను చూసిన చూపు మా ఆవిడ కూడా ఎప్పుడూ చూడలేదు.

"నీళ్లలోకి దింపింది రక్తమేనండి. మరి వీటిని ఒడ్డుకు ఎక్కించిందెవరు?" అన్నాను.

జ్యోతి పకపకా నవ్వింది. నాకూ ఆగలేదు. నా నవ్వు కాస్త వికారంగా ఉంటుంది. ముందు చప్పుడు రాదు, భుజాలు ఊగుతాయి, తర్వాత వెక్కిలి వచ్చినట్టు ఒక్క 'హిక్'. పక్కన సునీల్ భుజాలు ఊగాయి. వాడికీ 'హిక్' వచ్చింది.

దేవదానం గారు మా ఇద్దర్నీ మార్చి మార్చి చూశారు. "ఆగండాగండి. మళ్లీ నవ్వండి."

నవ్వమంటే నవ్వు వస్తుందా? కానీ ఆయన అడిగిన తీరుకే ఇద్దరికీ మళ్లీ వచ్చింది. భుజాలు, హిక్.

"ఇదయ్యా పోలికంటే!" అన్నారాయన తొడ చరిచి. "ప్రభుదాసు ముక్కలు కాదు వీడి చేతిలో పడ్డవి. బాబాయ్ ముక్కలు!"

ఒంటిగంటకు భోజనం. జ్యోతివాళ్లమ్మ రూతమ్మగారు కొర్రమీను పులుసు, బాతు గుడ్ల వేపుడు వండారు. విస్తరి ముందు కూర్చోగానే దేవదానం గారు "పెద్దవారు మీరు, ప్రార్థన చేయండి" అన్నారు. వాళ్ల ఇళ్లలో వచ్చిన పెద్దమనిషికి ఇచ్చే మర్యాద అది. కళ్లు మూసుకుని "ప్రభువా, ఈ పులుసుకు వందనాలు, వండిన అమ్మకు వందనాలు, గుడ్లు పెట్టిన బాతులకు వందనాలు" అని, ఎలా ముగించాలో తెలియక, "సర్వేజనాః సుఖినో" దాకా వచ్చాను. సునీల్ గట్టిగా దగ్గి "ఆమెన్" అనేశాడు.

"చర్చికి వెళ్లి చాలా కాలమైందండి" అన్నాను.

"తెలుస్తూనే ఉంది అన్నయ్యగారూ" అంది రూతమ్మగారు పులుసు వడ్డిస్తూ.

మూడింటికి జ్యోతి మమ్మల్ని చేలవైపు నడిపించింది. కోతలయిన మళ్లలో వందల కొద్దీ బాతులు రాలిన గింజలు ఏరుకుంటున్నాయి, ఇద్దరే ఇద్దరు మనుషులు పొడుగాటి కర్రలతో తోలుతున్నారు. అంత గుంపూ ఒకేసారి మలుపు తిరుగుతుంటే చూసి తీరాలి. సునీల్ ముందు నడుస్తున్నాడు. జ్యోతి నాతో మెల్లగా అంది. "నాన్నగారు మనుషుల్ని కూడా పాకలో కట్టి చూస్తారండి. ఆ స్పానరు విసిరిన రోజే అతను నాకు చెప్పాడు. దాచలేదు. నాకు అది చాలు. కానీ నాన్న ఒప్పుకోకుండా చేసుకోను."

బయల్దేరేటప్పుడు దేవదానం గారు నా చేయి పట్టుకున్నారు. "నాకు సమ్మతమే రాజుగారూ. మిమ్మల్ని చూశాక ధైర్యం వచ్చింది." నాలుగున్నరకు ఆటో, ఆరుకు పటమట.

ఇంటికొచ్చినప్పట్నుంచీ నా బుర్ర పనిచేయడం లేదు. బాతుపిల్ల నేర్పకుండానే ఈదింది, ఒప్పుకున్నాను. పిలిస్తే కోడి దగ్గరకే వచ్చింది, అదీ చూశాను. ఒకే కడుపున పుట్టిన గేదెల్లో ఒకటి తన్నుతుంది, అదే గేదె జ్యోతి చేయి తగిలితే తన్నదు. రక్తం సగం, పెంపకం సగం అని తేల్చేద్దామనుకుంటే, ఎక్కడ మొదటి సగం అయిపోయి రెండోది మొదలవుతుందో గీత కనిపించడం లేదు. పుట్టేటప్పుడు ఏదో ఒక మొగ్గుతో పుడతాం కాబోలు. ఆ మొగ్గు తెలిసినవాడు జేబులో చెయ్యి పెట్టుకుంటాడు. ఆ జేబులో పెట్టుకోవడం మళ్లీ ఎవరి పోలిక? ఎనిమిదో తరగతి తప్పినవాడికి ఇంతకన్నా ఎక్కువ తోచదు.

వెళ్లేవాళ్లకు ఒక్క సలహా. బాతుల మందలు ఒకే ఊళ్లో ఉండవు, గింజ ఉన్న చేలవైపు తిరుగుతుంటాయి. ఆ రోజు ఎక్కడ దిగాయో కంకిపాడు సెంటర్లో ఆటో ఎక్కేముందే అడగండి, పొద్దున తొమ్మిదిలోపు గాని, ఎండ తగ్గాక మూడు దాటి గాని వెళ్లండి.

చివరగా ఒకటి ఒప్పుకోవాలి. పైన రాసినదాంట్లో ఒక ముఖ్యమైన సంగతి పూర్తిగా కల్పితం. ప్రభుదాసు నా అన్నయ్య కాదు. రక్తమూ లేదు, చుట్టరికమూ లేదు, మాది చర్చికి వెళ్లే ఇల్లే కాదు. పటమటలో వాళ్లకీ మాకూ మధ్య ఉన్నది ఒక గోడ. వాళ్లింట్లో కంచాలు ఎగిరిన రోజుల్లో ఆ గోడ మీంచి సునీల్‌ని మా ఇంట్లోకి అందించేది వాళ్లమ్మ. వాడికి మాటలొచ్చినప్పట్నుంచీ నేను బాబాయ్‌నే. తండ్రి తరఫున చూపించడానికి మనిషన్నవాడు లేక నేనే తయారయ్యాను. తిరుగు బస్సులో వాడు ఒకటే అన్నాడు. "జ్యోతికి తెలుసు బాబాయ్. వాళ్ల నాన్నకి నువ్వు చెబుతావా, నేను చెప్పనా?"

ఇది రాసే ముందు నేనే ఫోన్ చేసి చెప్పాను.

"తండ్రి తరఫు ఎవరూ లేరా?" అన్నారాయన.

"లేరండి."

"మరి ఇన్నేళ్లూ చూసిందెవరు?"

"వాళ్లమ్మతో పాటు వీధిలో తలా కాస్తా చూశామండి. మా ఇంట్లో భోజనం, ఎదురింటి టీచరమ్మ దగ్గర చదువు, మూల షాపాయన దగ్గర పని."

ఆయన ఆ మూడూ మళ్లీ ఒకసారి నా చేత చెప్పించుకున్నారు.

"అబద్ధమాడినందుకు మీ మీద కోపం ఉంది. అది ముఖం మీదే చెబుతాను. ఆదివారం ఆరాధన అయ్యాక రండి. టీచరమ్మనీ, షాపాయన్నీ, అందర్నీ తీసుకురండి. ఈసారి ప్రార్థన మాత్రం నేను చేస్తాను, బావగారూ."