ఆ ఒక్క మాటనూ జరపలేదు

దయ్యాలు, ఆత్మలు అంటే నాకు ఏనాడూ నమ్మకం లేదు. ముప్ఫై మూడేళ్లు ఆడిట్ ఆఫీసులో పనిచేశాను. లెక్క తేలకపోతే ఎక్కడో పొరపాటు ఉన్నట్టేనని ఇప్పటికీ అంటాను. ఈ విషయంలో మాత్రం ఆ పొరపాటు నాకు దొరకలేదు.

మా అమ్మాయి వాణి పద్నాలుగో ఏట జ్వరంతో పోయింది. ఆ నెలలోనే, ఉత్తరాదిలో మేముండే ఆర్.కె. పురం క్వార్టర్స్‌లో దసరా ఫంక్షన్‌కి డాన్స్ చేసింది. మావారు ఆఫీసు పని మీద గువాహటిలో ఉండిపోయారు. ఆయనకు చూపించాలని పక్కింటివాళ్లు వీడియో తీశారు. ఆయన తిరిగొచ్చేసరికి పిల్ల ఆసుపత్రిలో ఉంది. తర్వాత ఆ టేపు చూసే ధైర్యం మా ఇద్దరికీ లేకపోయింది.

రెండేళ్ల కిందట దాన్ని ఫైలుగా మార్పించాం. అప్పటికి ఆయనకు చెవులు పూర్తిగా పోయాయి. అందుకని నేనే విని, ప్రతి మాటా టైపు చేసి, మాట వచ్చే క్షణానికే తెర కింద అక్షరాలు పడేటట్టు సరిచూసి పెట్టాను. వాణి మాట్లాడిందంతా స్నేహితురాళ్లతో, హిందీలో. దాన్ని తెలుగు చేశాను.

ఆయన కనిపెట్టేశారు. "ఇది నీ తెలుగే. అది నాతో ఒక్క ముక్క కూడా అనలేదేమిటే?"

"మీరక్కడ ఉంటేగా అనడానికి!" అని కాగితం మీద రాసి చూపించాను.

అయినా రోజూ చూసేవారు, ఆ ఒక్క ముక్క కోసమే. ఒకరోజు గట్టిగా పిలిచారు. "ఇదిగో, ఇక్కడ వదిలేశావు. 'నాన్నా, చూస్తున్నావా?' అంటోంది. రాయి."

మళ్లీ మళ్లీ విన్నాను. పాట హోరు తప్ప ఏమీ లేదు. పైగా ఆ చోట వాణి స్టేజీ మీద ఇటు తిరిగి, నోరు మూసుకుని నిలబడి ఉంది. అదే రాసి చూపించాను.

"నోటితో నీకేం పని? అక్కడే పెట్టు" అన్నారు.

ఆయన మనసు కష్టపెట్టడం ఎందుకని పెట్టాను. ఆ అక్షరాలు పడినప్పుడల్లా తల ఊపేవారు. నిరుడు వేసవిలో పోయారు.

ఆ ఫైలు మధ్యమధ్య ఆగిపోతోందని, టేపును లక్ష్మీ నగర్‌లో వేరే దుకాణంలో ఇచ్చాను. అతను చూసి, "ఆంటీజీ, పహలేవాలే నే ఏక్ హీ తరఫ్ కీ ఆవాజ్ లీ థీ" అన్నాడు. టేపులో ఎడమ, కుడి అని రెండు వైపులా వేర్వేరుగా శబ్దం ఉందట. మొదటివాళ్లు ఒక వైపుదే ఎక్కించారట.

కొత్త ఫైలుకు నా పాత అక్షరాలు జతచేశాను. మొదట్లో నాలుగు సెకన్లు ఖాళీ తెర చేరడంతో, ప్రతి వాక్యమూ మాట కన్నా నాలుగు సెకన్లు ముందే పడుతోంది. అన్నిటినీ ఒకేసారి జరపవచ్చు. కానీ ఒక్కొక్కటీ సరిచూడటం నా అలవాటు.

వాణి స్టేజీ మెట్లెక్కుతోంది, వీపు ఇటు. పాట హోరులోంచి దాని గొంతు వినిపించింది, తెలుగులో. "నాన్నా, చూస్తున్నావా?" ఆ క్షణానే ఆయన పెట్టించిన అక్షరాలు పడ్డాయి. పాత ఫైలులో అది స్టేజీ ఎక్కి నిలబడ్డాక పడిన అక్షరాలే, ఇప్పుడు సరిగ్గా దాని మాట మీద.

ఎవరైనా చెప్పి ఉంటారనుకుందామంటే, ఆ రోజు ముందు వరుసలో కూర్చున్న నాకే అది వినబడలేదు. పెదవులు చూసి పోల్చారందామంటే, ఆ మెట్ల దగ్గర మొహమే కనబడదు. పాత ఫైలు మళ్లీ పెట్టి విన్నాను. అందులో ఆ గొంతు లేదు. కొత్త ఫైలు ఆయన చూడనే లేదు.

మిగతా వాక్యాలన్నీ జరిపాను. దాన్ని ముట్టుకోలేదు. ఇదెలా జరిగిందో ఇప్పటికీ చెప్పలేను. పిల్ల ఆ మాట నిజంగానే అంది. చెవులారా విన్నాను. చెబుదామంటే ఆయన లేరు.