కోర్టు విడిచిపెట్టిన మా కాడెద్దులు

ఈ సంగతి జరిగి రెండేళ్లు కావస్తోంది. అప్పుడే రాసి ఉండాల్సింది గాని, అప్పటికి నాకు సంతకం తప్ప రాయడం రాదు. చిన్నప్పుడు మా ఇంట్లో ఆరు బర్రెలుండేవి. వాటి వెంట నేను పోయేదాన్ని, బడికి మా తమ్ముడు పోయేవాడు. యాభై దాటాక, ఆదివారం ఆరాధన అయిపోయిన తర్వాత, మా చర్చి పాస్టరమ్మ నలుగురు ఆడవాళ్లను కూర్చోబెట్టి అక్షరాలు దిద్దించింది. పాటల పుస్తకం చూసి పాడాలన్నదే నా కోరిక. చూసి పాడటం తొందరగానే వచ్చింది. ఒక వాక్యం చేత్తో రాయడానికి మాత్రం ఇంతకాలం పట్టింది.

మాది నంద్యాలకూ ఆళ్లగడ్డకూ మధ్య ఊరు. నల్లరేగడి నేల. మా కాడెద్దులు రెండూ పుట్టింటివాళ్లు నాకిచ్చిన ఆవు ఈనిన దూడలే. ఆ ఏడు వాటిని కొలిమిగుండ్ల దగ్గర మా అక్కవాళ్ల దుక్కికి పంపాం. అరువు తెచ్చుకున్న ఎద్దులను ఉత్తగా తిప్పి పంపకూడదు. అందుకని అక్క వాటిని కడిగి, కొమ్ములకు ఎర్ర జాజు పూసి, మెడలకు గంటలు, నుదుటికి నల్ల కుచ్చులు కట్టి లారీ ఎక్కించింది. అదే లారీలో సంతకు పోయే పశువులు కూడా ఉన్నాయట. ఆళ్లగడ్డ దగ్గర పోలీసులు లారీని ఆపారు. ఏ పశువుకూ కాగితం లేదు. మావాటితో సహా అన్నిటినీ పట్టుకుని నంద్యాల పక్కన ఒక గోశాలకు పంపారు.

ఆ వారమే మంచి వాన పడింది. ఊరంతా ఎద్దులకు విత్తనం గొర్లు కట్టి కొర్రలు విత్తుతున్నారు. ట్రాక్టర్లు పెద్ద రైతుల చేలు దాటి మా వైపు రావడం లేదు. మా ఆయన రోజూ పొద్దున్నే చేలోకి పోయి మట్టి పిడికెడు పిసికి చూసి వచ్చేవాడు.

"ఇంగ రెండు దినాలే. ఆ పైన నేల పదును ఆరిపోతాది" అన్నాడొకనాడు.

ఆళ్లగడ్డ కోర్టులో అర్జీ నా పేరు మీదే వేశాం. "మీ ఎద్దుల గుర్తులు చెప్పమ్మా" అంది లాయరమ్మ.

"ఎర్ర కొమ్ములు, మెడలో గంటలు, నుదుట కుచ్చులు" అని గొప్పగా చెప్పాను. అక్క ఫోనులో చెప్పిన ముస్తాబంతా నా కళ్లలో ఉంది. లాయరమ్మ అదే రాసింది. జడ్జిగారు పూచీకత్తు తీసుకుని ఎద్దులను విడిచిపెట్టమన్నారు. ఆ ఉత్తర్వును లాయరమ్మ తెలుగులో టైపు చేయించి నాకొక ప్రతి ఇచ్చింది. మరునాడు పొద్దున్నే, ఒక కానిస్టేబులు వెంట రాగా, నేనూ మా ఆయనా గోశాలకు పోయాం.

అక్కడి కాపలా పెద్దాయన కాగితం సంగతి విని తల అడ్డంగా ఊపాడు. "ఎర్ర కొమ్ములెద్దు ఈడ ఒగటీ లేదమ్మా. మీవి యాడున్నాయో!"

లోపల నలభై దాకా ఎద్దులు. అన్నీ తెల్లవే, అన్నీ వానకు తడిసినవే. జాజు కరిగిపోయింది. గంటలూ కుచ్చులూ లారీ దించేటప్పుడే ఊడదీశారట.

"ఏందమ్మా ఇది? కాగితంలో ఒగటి, ఈడ ఒగటి" అన్నాడు కానిస్టేబులు.

మా ఆయన నా మీద విరుచుకుపడ్డాడు. "గుర్తు చెప్పమంటే సింగారం చెప్తావా? పెండ్లికూతుర్ని చీర చూసి గుర్తుపడతారా ఎవురన్నా?"

"మన పెండ్లిలో నువ్వు అట్లనే గుర్తుపట్టినావు లే" అన్నాను. పెద్దాయన ఫక్కున నవ్వాడు. కానిస్టేబులు నవ్వలేదు. "మళ్లా ఆళ్లగడ్డ పోయి సరిగ్గా రాయించుకోని రాపోండి" అన్నాడు.

ఆ రోజుకు అది అయ్యే పని కాదు. మర్నాడు రెండో శనివారం, కోర్టుకు సెలవు. ఆ తర్వాత ఆదివారం. అప్పటిదాకా చేలో పదును ఆగదు. కాగితం విప్పి, వేలు పెట్టి, కూడబలుక్కుంటూ కిందిదాకా చదివాను. చివర్లో దొరికింది. గట్టిగా చదివాను: "యజమాని తన పశువులను గుర్తించి చూపిన మీదట అప్పగించవలెను."

"చూపిస్తా సార్. ఒక గడకర్ర ఇప్పించండి" అన్నాను.

మా ఆయనకు అప్పుడే అర్థమైంది. పెద్దాయన పొడుగాటి వెదురు గడ తెచ్చాడు. చెరో కొసా పట్టుకుని, కాడి ఎత్తినట్టు ఎత్తాం. "హో, దా దా" అని మా ఆయన ఎప్పటిలాగే పిలిచాడు. గుంపు వెనక నుంచి ఒక ఎద్దు తల ఎత్తింది. మిగతావాటిని తోసుకుంటూ వచ్చి గడ కింద కుడిపక్కన మెడ పెట్టింది. దాని వెనకే తమ్ముడెద్దు వచ్చింది. దాన్ని ఎప్పుడూ ఎడమపక్కే కట్టేవాళ్లం. కుడిపక్క అన్న నిలబడి ఉండడం చూసి, చుట్టూ తిరిగి పోయి ఎడమపక్కన మెడ పెట్టింది.

"ఇంగేం అడుగుతావప్పా? అవే సాక్ష్యం చెప్పినాయి గదా!" అన్నాడు పెద్దాయన.

కానిస్టేబులు ఈసారి నవ్వాడు. నేను సంతకం పెట్టాను. చివరి అక్షరం గీత దాటి కిందికి పోయింది.

మళ్లీ లారీ ఎక్కించడానికి మా ఆయన ఒప్పుకోలేదు. నడిచే వచ్చాం. దారిలో ఒక తనిఖీ దగ్గర, "కాగితముందా?" అని పోలీసాయన అడిగాడు. నేను ఉత్తర్వు తీసి మొదటి వరుస నుంచి చదవడం మొదలుపెట్టాను. వెనక ఆటోలు, బైకులు ఆగిపోయి హారన్లు కొడుతున్నాయి.

"చాలు చాలమ్మా, పో!"

"ఇంగా సగముంది సార్" అన్నాను. మా ఆయన పక్కకు తిరిగి నవ్వుకుంటున్నాడు. పొద్దుగూకే వేళకు ఇల్లు చేరాం. ఎద్దులు ఎవరూ చెప్పకుండానే వాటి మేత గాట్ల దగ్గరికి పోయి నిలబడ్డాయి.

మరుసటి రోజు తెల్లారగానే మా ఆయన గొర్రు కట్టాడు. నేను చేలోకి దిగి మట్టి పిడికెడు తీసి పిసికాను. ఉండ కట్టింది, పదును ఇంకా ఉంది. కొంగులో కొర్రలు పోసుకుని, కొంగు నడుముకు చుట్టి, ఎద్దుల వెనక నడుస్తూ సాలు సాలుకూ విత్తనం వదిలాను.