ఆదికేశవులు కత్తెర పట్టడు

ఆదికేశవులుకు ఒకటే జబ్బు. తీసిన వీడియోలో రవ్వంత కూడా కోయడు. తొండియార్‌పేటలో మూడు వందల ఇళ్లకు కేబుల్ కనెక్షన్లిచ్చి, పెద్ద టీవీలు చూపించని వీధి సంగతులు తానే తీసి రోజూ సాయంత్రం వేసేవాడు. మాట్లాడేవాళ్లు దగ్గితే దగ్గు, తుమ్మితే తుమ్ము, మాట మరిచిపోయి బుర్ర గోక్కుంటే ఆ గోకుడూ వచ్చేవి. కెమెరా సంచీ మోసే పెళ్లాం మంగళ విసిగిపోయింది. కోడంబాక్కంలో పన్నెండేళ్లు సినిమాలు కత్తిరించిన మనిషికి ఇదేం పోయేకాలమని ఆమె బాధ.

ఆ ఎండాకాలం వీధి కుళాయికి నెల రోజులుగా చుక్క రాలేదు. ఓ పెద్ద టీవీ వాళ్లు వచ్చి, పట్టుచీర కట్టుకు కూర్చున్న కుళాయి పక్కింటి గోవిందమ్మ చేత గంటసేపు మాట్లాడించి, చివరికి ఆమె బిందెను మాత్రం రెండు క్షణాలు చూపించారు. వెంటనే నీళ్ల శాఖ ఇంజినీరు కనిపించి, రోజూ పొద్దున ఆరు నుంచి ఏడు దాకా నీళ్లు వదులుతున్నామని నవ్వుతూ చెప్పాడు.

మర్నాడు ఆరింటికల్లా ఆదికేశవులు కుళాయి పక్కన కుర్చీ వేసి గోవిందమ్మను కూర్చోబెట్టాడు. కష్టాలు చెబుతూ చెబుతూ, పొయ్యి మీద అన్నం గుర్తొచ్చి ఆమె లోపలికి పరిగెత్తింది. కెమెరా మాత్రం ఖాళీ కుర్చీనే చూస్తూ ఉంది.

"ఆపవయ్యా. ఆడ ఎవురుండారని తీస్తావు?" అంది మంగళ.

"అక్క వస్తాదిలే," అన్నాడు.

సాయంత్రం మూడు వందల ఇళ్లవాళ్లూ పది నిమిషాలు ఖాళీ కుర్చీ చూశారు. మంగళకు తల కొట్టేసినట్టయింది.

మర్నాడే ఇంజినీరు ఊగిపోతూ వచ్చాడు. నీళ్లొచ్చిన భాగం కోసేసి వేశారట! ఆదికేశవులు కోశాడన్న మాటకు వీధంతా పగలబడి నవ్వింది. అతను మాత్రం మర్యాదగా ఇంజినీరును టీవీ ముందు కూర్చోబెట్టి టేపు మొదటి నుంచి వేశాడు. ఆరింటి పాటల నుంచి ఏడింటి వార్తల దాకా గోవిందమ్మ ఇంటి రేడియో ఎక్కడా తెగకుండా మోగుతూనే ఉంది. తిప్పి ఉన్న కుళాయి, దాని కింద బిందె తెరలోనే ఉన్నాయి. చుక్క లేదు. ఖాళీ కుర్చీ వచ్చేసరికి పాపం, ఇంజినీరు చూడ్డానికి ఆ కుళాయి తప్ప ఇంకేమీ మిగల్లేదు.

తెల్లారి ఆరింటికి కుళాయి రెండుసార్లు బుసకొట్టి ధార కట్టింది. వీధి గెలిచింది.

మంగళ మురిసిపోతూ, ఇదంతా ముందే ఆలోచించి పెట్టావా అని మొగుణ్ణి అడిగింది. ఆదికేశవులు తల దించుకున్నాడు.

"అదేం లేదు. నేను సినిమాలు కోసే దినాల్లో, ఒక సినిమా గుంపులో నిలబడేదానికి గోవిందమ్మక్క రెండు దినాలు ఎండలో మాడింది. వీధినంతా పిలుచుకొని పోయి చూస్తే తెరమీద ఆమె లేదు. కోసింది నేనే."

నిండు బిందె చంకనెత్తుకుని గుమ్మంలో నిలబడ్డ గోవిందమ్మ అంతా వినేసింది. బిందె కిందికి దించింది.

"ఆ పొద్దు కోసినావు, సరే," అంది. "ఇప్పుడు నాది ఇంకోసారి వెయ్యి తమ్ముడా. కుర్చీతో సహా."

వీధంతా బిందెలు నింపుకుంటూ ఆ ఖాళీ కుర్చీని మళ్లీ పది నిమిషాలు చూసింది. ఈసారి ఆపమని మంగళ కూడా అనలేదు.