కళ్లద్దాలు తీయని డాక్టర్ సాబ్

మా మేనమామ మొన్న గురువారం మధ్యాహ్నం సుల్తానాబాద్‌లో, అమ్మమ్మ చేసిన జొన్నరొట్టెలు రెండు తిని, కూరలో ఉప్పెక్కువైందని వంక పెట్టి, నడుం వాల్చి, మళ్లీ లేవలేదు. కబురు విన్న బజారంతా ఒకటే అడిగింది: "డాక్టర్ సాబుకు ఏమైందట?"

మామ డాక్టరు కాదు. మద్రాసు సినిమాల్లో డాక్టరు. పదిహేనేళ్లుగా, తెర మీద ఎవరి తండ్రి మంచం పట్టినా తోలుసంచితో దిగేది ఆయనే. నాడి పట్టుకునేవాడు, కళ్లద్దాలు తీసేవాడు, తల అడ్డంగా ఊపేవాడు. అంతటితో ఆయన పని అయిపోయేది; ఇక ఏడుపు కథానాయిక వంతు. మా ఊరి డేరా టాకీసులో ఆయన చెయ్యి చెవి దాకా పోగానే నేల టికెట్ల వాళ్లు గొల్లుమనేవాళ్లు: "అయిపాయె! అద్దాలు తీస్తుండు!"

నిజాం కాలంలో ఉర్దూలో చదువుకున్న మనిషి. తెలుగు డైలాగులను ఉర్దూ అక్షరాల్లో, కుడి నుంచి ఎడమకు రాసుకుని బట్టీ పట్టేవాడు. "మన చేతుల్లో ఏమీ లేదు" అన్న మాట ఒక్కటే రాసుకోకుండా వచ్చేదట.

ఒక ఎండాకాలం ఊరికి వచ్చినప్పుడు, జ్వరంతో పడుకున్న పక్కింటి పద్మశాలి తాతను చూడబోయాడు. చెమట పట్టి, తుడుచుకుందామని అద్దాలు తీశాడు. అంతే, తాత భార్య గుండెలు బాదుకుంది. వాడంతా ఉరికొచ్చింది. ఆ గోలకు తాత దిగ్గున లేచి కూర్చుని, "ఎవలు సచ్చిన్రే?" అన్నాడు.

"నా చేతిల ఒక్కడన్న లేచి కూసున్నడు," అని మామ నవ్వాడు. అమ్మమ్మ నవ్వలేదు.

"నిన్ను జూస్తె జనం దడుసుకుంటున్నరు కొడుకా. సినిమాల ఒక్కన్నన్న బతికియ్యి. అప్పటిదాంక నీ బొమ్మ నేను జూడ," అంది.

చూడలేదు కూడా. మామ దర్శకులందరినీ బతిమాలాడు, ఒక్కసారి "భయం లేదు" అననివ్వమని. ఒకాయన జాలిగా చెప్పాడట: "మీరు భయం లేదంటే నా కథ అక్కడే ఆగిపోతుందండీ."

రెండేళ్ల కింద అమ్మమ్మకే టైఫాయిడ్ వచ్చింది. మామ మద్రాసులో రైలెక్కి, పెద్దపల్లిలో దిగి, సంచి కింద పెట్టకుండానే మంచం పక్కన కూర్చున్నాడు. కూర్చున్నవాడు అద్దాలు తీయడు. తానం చేసినా తీయడు, నిద్రపోయినా తీయడు. ముక్కు మీద పుండు పడింది. కాలేజీ సెలవులకు వచ్చిన నాకు ఒళ్లు మండింది.

"జ్వరానికీ అద్దాలకూ ఏం సంబంధం మామా?"

"నీ చదువు కరెక్టే కోడలా. కని అవ్వ నీ పుస్తకాలు చదువలే. నా పాత సినిమాలన్ని జూసింది."

నిజమే. అమ్మమ్మ కళ్లు తెరిచినప్పుడల్లా ముందు ఆయన ముక్కు వంక చూసేది. అద్దాలు ఉన్నాయని తేల్చుకుని మళ్లీ కళ్లు మూసుకునేది. పదో రోజు జొన్న గట్క తింటానంది, పచ్చిపులుసుతో. మామ నాడి పట్టుకుని, గొంతు సవరించుకుని, తెర మీద ఎన్నడూ అననివ్వని ఆ రెండు మాటలు అన్నాడు. కెమెరా లేదు. చూసింది నేనొక్కదాన్నే. నేను ఆయన్ను వెక్కిరించబోయి, గట్క కాయడానికి లేచాను.

మొన్న గురువారం తానం పోయించడానికి మామను వాకిట్లోకి తెచ్చారు. మధ్యాహ్నం ఆయన అద్దాలతోనే నడుం వాల్చాడు. అమ్మమ్మ జ్వరం నాటి ఆ అలవాటు మళ్లీ పోలేదు. మా బాపు వాటి మీద చెయ్యి వేయబోయాడు.

"ఆగు అల్లుడా," అంది అమ్మమ్మ. "తియ్యకు. గవి తీసేదాంక నా కొడుకుకు ఏం కాలే."

బాపు చెయ్యి వెనక్కి తీసుకున్నాడు. నీళ్లు అద్దాలతోనే పోశారు. ఒక్కో చెంబుకూ అద్దాలు మసకబారుతున్నాయి. అమ్మమ్మ వంగి, కొంగుతో, ముందు కుడిది, తర్వాత ఎడమది, తుడుస్తూనే ఉంది.