ఏదో ఒకటి చెప్పండి

మొన్న బస్సు మిర్చి యార్డు పక్కగా వెళ్తుంటే ఆ ఘాటుకు అందరం తుమ్మాం. నాకు సలోమి టీచర్‌గారు గుర్తొచ్చారు. ఆవిడ పోయి నెలయింది. ప్రత్తిపాడు దగ్గర ఒక పల్లె బడికి ఆవిడ హెడ్‌మిస్ట్రెస్. నేను ఆవిడ దగ్గర కొత్తగా చేరిన మాస్టర్ని. ఎనభైల చివర్లో ఎన్ని శనివారాలు మేమిద్దరం మండలాఫీసు వరండాలో నిలబడ్డామో! ఆఫీసు వెనకే మిరపకాయల కల్లం. లోపలి గుమాస్తా తుమ్ముతూ ఒకటే మాట చెప్పేవాడు: "పరిశీలనలో ఉందమ్మా."

ఆవిడ అడిగింది ఆ పల్లె పక్కనున్న పాలేనికి శ్మశానం. పాలెంలోని క్రైస్తవ కూలీల సమాధులు వాగు అవతల ఉండేవి. వాగు పొంగిన ఒకరోజు, చనిపోయిన ఆవిడ భర్తను పాలెంవాళ్ళు మెడలోతు నీళ్ళలో మోసుకెళ్ళారు. మధ్యలో పెట్టె ఒరిగింది. ఇవతలి గట్టున ముళ్ళకంపతో నిండిన ప్రభుత్వ మెరక ఉంది. అది ఇమ్మని ఆవిడ అర్జీ పెట్టారు. అధికారి ఔననలేదు, కాదనలేదు. ఏళ్ళు గడిచాయి. ఒకసారి గుమాస్తాతో, "ఆ పరిశీలించే ఆయన్ని ఒక్కసారి చూపించండి బాబూ. కళ్ళజోడు కావాలంటే నేనే కొనిపెడతాను" అన్నారు. వరండా అంతా నవ్వింది. ఆవిడ నవ్వలేదు.

చివరికి హైకోర్టుకు వెళ్ళారు. గడువులోగా అర్జీ మీద నిర్ణయం తీసుకోమని కోర్టు అధికారిని ఆదేశించింది. పాలెంలో పండగే. చర్చిలో కృతజ్ఞత ప్రార్థన పెట్టారు. పాలెం పెద్ద యేసోబు పరుగున వచ్చాడు.

"టీచరమ్మా, గెలిచాం!"

"గెలవలేదయ్యా యేసోబూ. ఇమ్మని చెప్పలేదు. ఏదో ఒకటి చెప్పమన్నారు, అంతే."

"పెద్దకోర్టు చెప్పాక ఇవ్వక చస్తారా?"

మర్నాడు పాలెంవాళ్ళంతా వెళ్ళి కంప నరికి, మెరక మీద సిలువ పాతి వచ్చారు.

గడువు చివరి రోజున జవాబు వచ్చింది. అర్జీ తిరస్కరించారు. కారణం, అర్జీదారులు స్థలాన్ని ఇప్పటికే ఆక్రమించారట! ఇన్నేళ్ళూ అర్జీని చూడని కళ్ళకు ఆ సిలువ మాత్రం వెంటనే కనబడింది. నాకు ఒళ్ళు మండిపోయింది.

"ఇంతోటి దానికి కోర్టెందుకండీ?" అని అరిచాను.

"ఇన్నాళ్ళూ గోడతో మాట్లాడాం మాస్టారూ. ఇప్పుడు మనిషి నోరు తెరిచాడు. తప్పుడు కారణమే చెప్పాడు. చెప్పినదానికి మనం జవాబివ్వొచ్చు. చెప్పనిదానికి ఏమిస్తాం?"

యేసోబు చేతే ఆ సిలువ తీయించారు. అతను ఏడుస్తూ తీశాడు. ఆవిడ మళ్ళీ కోర్టుకు వెళ్ళారు. ఆ తిరస్కరణ కొట్టేసి, మళ్ళీ పరిశీలించమంది కోర్టు. మళ్ళీ వరండా, మళ్ళీ తుమ్ములు. ఈలోగా యేసోబు తల్లి పోయింది. ఆ పెట్టెను వాగు దాటించేటప్పుడు నేనూ భుజం పట్టాను. కాళ్ళ కింద రేగడి జారుతుంటే, ఇంకా నిర్ణయం తీసుకోని ఆ అధికారిని తిట్టని తిట్టు లేదు. తర్వాతి వేసవిలో మెరక మాకిచ్చారు. ఇచ్చినందుకు కృతజ్ఞత చెప్పమని ఎవరో అంటే ఆవిడ వినిపించుకోలేదు. ఇప్పుడు అక్కడే ఉన్నారు.

నేనూ హెడ్‌మాస్టర్నయ్యాను, రిటైరయ్యాను. ఎవరేది అడిగినా, చేయగలిగితే ఔనని, లేకపోతే కాదని, ఎందుకు కాదో కూడా అప్పుడే చెప్పేస్తాను. కొందరికి కష్టమనిపించింది, ఒకరిద్దరు మాట్లాడటం మానేశారు. ఇంట్లో మనవరాలు కూడా విసుక్కుంటుంది. "'చూద్దాంలే' అనొచ్చుగా తాతయ్యా?"

అనలేను.